గోడ మీద పిల్లి, చేతిలో మైకు

“ఇంకొక్కసారి తలుపు తీస్తారా, సరిగ్గా రాలేదు” అని అడిగాను. అటెండరు మారు మాట్లాడకుండా తలుపు మూసి, తాళం వేసి, మళ్ళీ తీశారు. ఈసారి గడియ మీద చెయ్యి ఒక క్షణం ఆపారు. భుజాలు నిటారుగా పెట్టారు. లోపలికి అడుగుపెట్టి గదిని ఈ చివర నుంచి ఆ చివరకి కలయజూశారు. మొదటిసారి తీసినప్పుడు ఇవేవీ లేవు. ఆవులిస్తూ, బిగుసుకుపోయిన తలుపును మోకాలితో ఒక్క తోపు తోసి, వెనక్కి చూడకుండా కిటికీల వైపు వెళ్ళిపోయారు. నాకు కావలసింది సరిగ్గా అదే. కానీ ఆ సమయానికి నా కెమెరా ఫోకస్‌లో లేదు.

ఆ తర్వాత మూడు వారాల పాటు ఆయన రోజూ ఉదయం భుజాలు నిటారుగా పెట్టుకునే తలుపు తీశారు. ఆ మోకాలు మళ్ళీ నా కంటపడలేదు.

అదొక గ్రంథాలయం. అందులో పేపర్లు చదువుకునే గది ఒక్కటే నా సినిమా. కథ లేదు, హీరో లేడు, చెప్పుకోదగ్గ సమస్య కూడా లేదు. పొద్దున తలుపు తీసింది మొదలు రాత్రి లైట్లు ఆర్పేదాకా ఆ గదిలో ఏం జరుగుతుందో చూడాలనుకున్నాను, అంతే. వ్యాఖ్యానం పెట్టను, ఎవర్నీ కూర్చోబెట్టి ఇంటర్వ్యూ చెయ్యను, వెనకాల సంగీతం వెయ్యను, జరగనిదాన్ని జరిపించను అని నాకు నేనే నియమాలు పెట్టుకుని వెళ్ళాను. ఆఖరి నియమం మొదటి రోజు మొదటి పది నిమిషాల్లోనే పోయింది.

ఈ పద్ధతిని పరిశీలనాత్మక డాక్యుమెంటరీ అంటారు. తీసేవాళ్ళు మాట్లాడుకునేటప్పుడు అబ్జర్వేషనల్ అనే అంటారు. దీని గురించి నాకు చాలా ఏళ్ళు ఒక పిచ్చి నమ్మకం ఉండేది. కదలకుండా, మెదలకుండా ఒక మూల నిలబడితే చాలు, జీవితం దానంతటదే వచ్చి కెమెరాలో పడుతుందని. ఇప్పుడు అది పోయింది. అలాగని, “ఎలాగూ అంతా మనం కూర్చేదే కదా, వాయిస్ ఓవర్ పెట్టి చెప్పదల్చుకున్నది చెప్పేస్తే పోలా?” అనేవాళ్ళతో చేతులు కలపలేను. వాళ్ళతోనూ నాకు పేచీ ఉంది.

ముందు నా తప్పు సంగతి. అది సినిమా అంత పాతది. 1895లో లూయీ లూమియేర్ ఫ్రాన్స్‌లోని లియాన్‌లో తమ సొంత ఫ్యాక్టరీ గేటు ఎదుట కెమెరా పెట్టి, పని ముగించుకుని బయటికొస్తున్న కార్మికులను తీశాడు. నిమిషం కూడా ఉండదు. చాలామంది దీన్ని తొలి డాక్యుమెంటరీ అంటారు. కానీ ఆ దృశ్యానికి మూడు రూపాలున్నాయి. ఒకదాంట్లో గుర్రం ఒకటి, ఒకదాంట్లో గుర్రాలు రెండు, ఇంకోదాంట్లో గుర్రమే లేదు. అంటే యజమాని తన పనివాళ్ళను గేటులోంచి ఒకటికి మూడుసార్లు రప్పించి తీసుకున్నాడన్నమాట. యజమాని కెమెరా పట్టుకుని నిలబడితే ఏ కార్మికుడు ఆవులిస్తాడు?

అమెరికన్ దర్శకుడు రాబర్ట్ ఫ్లహర్టీ ఇంకొంచెం దూరం వెళ్ళాడు. ఉత్తర కెనడాలోని ఇన్యూట్ ప్రజల మీద ఆయన తీసిన ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ 1922లో వచ్చింది. మంచు ఇంటి లోపల కెమెరాకు చోటు, వెలుతురు చాలవని, ఇంటిని సగానికి తెరిచి కట్టించి అందులో ఆ కుటుంబం నిద్రలేచే దృశ్యం తీశాడు. చలికి ఓపెన్‌గా ఉన్న సగం ఇంట్లో వాళ్ళు హాయిగా నిద్రపోతున్నట్టు నటించారు. అప్పటికే తుపాకులు వాడుతున్న మనుషుల చేత ఈటెలతో వేటాడించాడు. నానూక్‌గా కనిపించే ఆయన అసలు పేరు అల్లకరియల్లక్. ఇవన్నీ తెలిశాక కూడా ఆ సినిమా చూస్తే ఆ చలి మనకు తగులుతుంది. నన్ను ఎక్కువ ఇబ్బంది పెట్టేది అదే. అబద్ధం ఎక్కడుందో తెలిసినా బొమ్మ మాత్రం పనిచేస్తూనే ఉంటుంది.

వీటికి విరుగుడుగా వచ్చిందే ఈ పరిశీలన పద్ధతి. ఏదీ చేయించకు, ఉన్నది ఉన్నట్టు చూడు. దీనికి ఇంగ్లీషువాళ్ళు పెట్టుకున్న మాట “గోడ మీద ఈగ”. ఈగను ఎవరూ పట్టించుకోరు కాబట్టి అది అన్నీ చూస్తుందట. అమెరికన్ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్‌కు ఈ మాటంటే అస్సలు గిట్టేది కాదు. ఈ పద్ధతి పేరెత్తితే ముందు చెప్పుకునే పేరు ఆయనదే. కానీ తనను ఈగ అంటే చిన్నబుచ్చినట్టే ఉంటుందని, ఈగకు లేని ఆలోచన తనకు కాస్తయినా ఉందనుకుంటానని పలు ఇంటర్వ్యూల్లో చమత్కరించాడు.

తెలుగులో గోడ మీద ఉండేది ఈగ కాదు కదా, పిల్లి. ఎటు దూకుదామా అని చూస్తూ కూర్చునే పిల్లి. మనం ఆ మాటను తిట్టుగా వాడతాం కానీ ఈ పద్ధతిలో తీసే దర్శకుడికి అంతకన్నా సరిపడే మాట నాకు దొరకలేదు. పిల్లి చూస్తున్నంతసేపూ ఏమీ చెయ్యనట్టే ఉంటుంది. దాని చెవులు చూడండి, అవి మాత్రం ఒక్కచోట ఉండవు. ఎప్పుడో ఒకప్పుడు అది దూకి తీరాలి. డాక్యుమెంటరీలో ఆ దూకుడు ఎడిటింగ్ టేబుల్ దగ్గర జరుగుతుంది. దాని దగ్గరికి తర్వాత వస్తాను. ముందు చెవుల సంగతి.

వైజ్‌మన్ సినిమా తీసే తీరులో నాకు అన్నిటికన్నా ఆశ్చర్యం కలిగించిన విషయం, ఆయన కెమెరా పట్టుకునేవాడు కాదు. కెమెరామన్ వేరే ఉండేవాడు. దర్శకుడి చేతిలో ఉండేది మైకు. ఎవరో మాట్లాడుతుంటే మైకు అటు తిరిగేది, దాని వెంట కెమెరా తిరిగేది. అంటే ఏం చూడాలో ఆయన చెవితో నిర్ణయించేవాడు. “పరిశీలన” అనగానే మనం కళ్ళను ఊహించుకుంటాం. పేరులోనే మోసం ఉంది. ఇది ముందుగా వినే పని.

చరిత్ర చూసినా అంతే. ఈ పద్ధతి 1960 ప్రాంతంలోనే ఎందుకు పుట్టింది, అంతకు ముందు దర్శకులకు జీవితం మీద ప్రేమ లేకనా? కాదు, అంతకు ముందు ఉన్నచోట మాటను పట్టుకునే సాధనం లేక. స్టూడియో బయట సరంజామా అంతా బండెడు బరువు. అందుకే పాత డాక్యుమెంటరీల్లో బొమ్మ ఒకచోటిది, గొంతు ఇంకొకరిది. మనుషులు పెదాలు కదుపుతుంటారు, పైనుంచి ఒక పెద్దమనిషి వాళ్ళ బతుకేమిటో వాళ్ళ తరఫున చెబుతుంటాడు. 1950ల చివరికి స్టెఫాన్ కుడెల్‌స్కీ తయారుచేసిన నాగ్రా టేపు రికార్డరు లాంటివి భుజాన వేసుకుని నడిచేంత తేలికయ్యాయి, 16 ఎంఎం కెమెరాలూ భుజం మీదికొచ్చాయి. పోలిష్ భాషలో నాగ్రా అంటే “రికార్డు చేస్తుంది” అని అర్థమట. 1960లోనే అమెరికాలో రాబర్ట్ డ్రూ బృందం అధ్యక్ష పదవికి పార్టీ టికెట్టు కోసం పోటీపడ్డ కెనెడీ, హంఫ్రీల విస్కాన్సిన్ ప్రచారం వెంట పరుగెత్తింది. అదే ఏడాది వేసవిలో పారిస్‌లో జాన్ రూష్, ఎడ్గార్ మొరాన్ కలిసి “మీరు సంతోషంగా ఉన్నారా?” అని దారిన పోయేవాళ్ళను అడిగే సినిమా తీశారు. అందులో మార్సెలీన్ లోరిదాన్ అనే ఆమె ఆ నాగ్రాను తనే భుజాన వేసుకుని, వీధుల్లో నడుస్తూ, యుద్ధకాలంలో తన తండ్రితో కలిసి నాజీ శిబిరానికి వెళ్ళిన రోజులను తనలో తను మాట్లాడుకుంటుంది. కెమెరా ఆమెకు దూరంగా జరిగిపోతూ ఉంటుంది, గొంతు మాత్రం మన చెవి పక్కనే ఉంటుంది. కన్ను దూరమైనా చెవి వదలకపోవడం ఎలా ఉంటుందో అక్కడ తెలుస్తుంది.

మళ్ళీ నా గదికొస్తాను.

మొదటి ఐదు రోజులు తీసిందంతా ఇంటికొచ్చి చూసుకుంటే ఒకటే కనబడింది, పేపరు మీదుగా నన్ను చూస్తున్న కళ్ళు. ఆరో రోజు అటెండరు పెద్ద బల్ల జరుపుతూ “సార్, ఆ కొస కాస్త పట్టండి” అన్నారు. కెమెరా కింద పెట్టి పట్టాను. బరువైన బల్ల, నా వేలు నలిగింది. ఆయన అటు తిరిగి నవ్వుకున్నారు. ఆ రోజు మధ్యాహ్నం నుంచి నావైపు చూసే కళ్ళు సగానికి సగం తగ్గాయి. నేను కనబడకుండా పోవడం వల్ల తగ్గలేదు, అక్కడ పనికొచ్చే ఒక మనిషిగా కనబడడం వల్ల తగ్గాయి. దీన్ని ఏ పాఠంలోనూ చదవలేదు.

ఏడో రోజు బుద్ధొచ్చి హెడ్‌ఫోన్స్ పెట్టుకున్నాను. అప్పటిదాకా కెమెరా మీదున్న మైకు దాని పని అది చేసుకుంటుందిలే అని వదిలేశాను. హెడ్‌ఫోన్స్ పెట్టగానే గది మారిపోయింది. నిశ్శబ్దం అనుకున్నది నిశ్శబ్దం కాదు. ఫ్యాన్ల హోరు ఒక పొర. దాని మీద పేజీ తిప్పే చప్పుళ్ళు. పెద్ద పేపరు తిప్పితే ఒక రకం, వారపత్రిక తిప్పితే ఒక రకం. అందులో ఎక్కడి నుంచో టక్... టక్... అని ఉండుండి ఒక శబ్దం. పావుగంట వెతికితే దొరికింది. కిటికీ కింద ఉన్న కుర్చీ. ఒక కాలు పొట్టి.

అక్కడ వెలుతురు బాగుంటుంది కాబట్టి అందరూ ముందు ఆ కుర్చీకే వస్తారు. కూర్చోగానే టక్కుమంటుంది. ఒకాయన లేచి వేరే కుర్చీకి వెళ్ళిపోయాడు. ఒక కుర్రాడు కావాలనే ఊగుతూ పరీక్షల పుస్తకం చదివాడు. ఒకామె కదలకుండా గంటసేపు బిగదీసుకుని కూర్చుంది. పదిన్నర ప్రాంతంలో ఒక పెద్దాయన వస్తారు. కూర్చోకముందే జేబులోంచి ఒక పాత రసీదు తీసి, మధ్యకు మడిచి, మళ్ళీ మడిచి, మూడో మడత గోటితో గీసి అణిచి, వంగి ఆ పొట్టి కాలి కింద దూర్చి, కుర్చీని అరచేత్తో నొక్కి చూసి, అప్పుడు కూర్చుంటారు. ఆ తర్వాత రెండు గంటలు టక్కు వినబడదు. పొద్దున్నే ఊడ్చే ఆమె కుర్చీ జరిపి ఆ కాగితాన్ని చెత్తతో పాటు తీసేస్తుంది. మర్నాడు పదిన్నరకు ఇంకో రసీదు. వీళ్ళిద్దరూ ఒకరినొకరు ఎప్పుడూ చూసుకోలేదు. ఆమె ఎనిమిదింటికి వెళ్ళిపోతుంది.

ఆరు రోజులు కెమెరాతో కళ్ళింతలు చేసుకుని చూసినవాడికి ఇది కనబడలేదు. చెవి పట్టింది. ఆ గదిలో ఏం జరుగుతోంది అని ఎవరైనా అడిగితే ఇప్పటికీ నా దగ్గరున్న మంచి జవాబు ఆ కుర్చీయే.

ఇలాంటివి దొరకాలంటే కాలం పోయాలి. చైనా దర్శకుడు వాంగ్ బింగ్ షెన్‌యాంగ్ నగరంలో మూతపడుతున్న పాత ఫ్యాక్టరీల పేటలో 1999 నుంచి 2001 దాకా ఒక చిన్న డిజిటల్ వీడియో కెమెరాతో తిరిగి తీసిన సినిమా సుమారు తొమ్మిది గంటలుంటుంది. గూడ్సు రైలు ముందు కెమెరా పెట్టి, మంచులో ఆ పట్టాల మీద అలా పోతూనే ఉంటాడు. మొదటి నిమిషం బాగుంది అనుకుంటాం. మూడో నిమిషానికి విసుగు. ఐదో నిమిషానికి విసుగు పోయి, పక్కన పోతున్న గోడలను నిజంగా చూడడం మొదలుపెడతాం. అంత పొడుగు అవసరమా అని అడిగేవాళ్ళకు నా దగ్గర ఒకటే సమాధానం ఉంది. ఆ ఫ్యాక్టరీలు ఒక్కరోజులో మూతపడలేదు.

ఫిల్ము రోజుల్లో 400 అడుగుల 16 ఎంఎం రీలు వేస్తే 11 నిమిషాలు వచ్చేది. అది అయిపోతుందన్న భయంతో ఎప్పుడు బటన్ నొక్కాలో ఒళ్ళు దగ్గర పెట్టుకుని చూసేవాళ్ళు. ఇప్పుడు కార్డు నిండేదాకా నొక్కి వదిలెయ్యొచ్చు. నేనూ అదే చేశాను, మొదటి ఐదు రోజులూ. కెమెరా తిరుగుతోంది కదా అని నేను చూడడం మానేశాను. ఇది చెప్పుకోవడానికి సిగ్గుగానే ఉంది కానీ, చాలామంది ఇదే చేస్తున్నారని వాళ్ళ రషెస్, అంటే ఎడిట్ చెయ్యని ఫుటేజీ, చూస్తే తెలిసిపోతుంది.

ఇక డ్రోన్. ఈ మధ్య ఒక ఊరి గురించో పేట గురించో తీసిన ఏ వీడియో తెరిచినా ముందు ఆకాశంలోంచి దిగుతాం. పైకప్పులు, రోడ్డు, మలుపు తిరిగిన ఏరు, కింద నుంచి ఉబ్బే సంగీతం. ఒక చోటును ఎవరూ అలా బతకరు. అక్కడ పుట్టి పెరిగిన మనిషికి ఆ బొమ్మ చూపిస్తే తన ఇల్లు ఏదో వెతుక్కోవలసి వస్తుంది. సోవియట్ కూలిన తర్వాతి తూర్పు యూరప్ మీద బెల్జియం దర్శకురాలు శాంతాల్ అకెర్‌మన్ తీయగా 1993లో వచ్చిన సినిమాలో కెమెరా ఒక మనిషి ఎత్తులోనే ఉంది. చలిలో బస్సు కోసం, రైలు కోసం నిలబడ్డ మనుషుల పక్కనుంచి నెమ్మదిగా జరుగుతూ పోతుంది. వ్యాఖ్యానం లేదు, ఇంటర్వ్యూ లేదు. కొందరు మొహం తిప్పుకుంటారు, కొందరు ఏదో అంటారు, ఎక్కువమంది ఊరికే చూస్తారు. అక్కడివాళ్ళు కెమెరాలోకి చూడడాన్ని ఆమె తీసెయ్యలేదు. నేనైతే నా మొదటి ఐదు రోజుల ఫుటేజీ అంతా పనికిరాదని పక్కన పడేశాను. ఆ సినిమా మళ్ళీ చూశాక, పడేసినదాంట్లోంచి రెండు షాట్లు వెనక్కి తెచ్చుకున్నాను.

అయితే ఈ పద్ధతి తీసిన ప్రతిదానికీ దండం పెట్టాలని కాదు. రాబర్ట్ గార్డనర్ కాశీ మీద తీసిన ‘ఫారెస్ట్ ఆఫ్ బ్లిస్’ 1986లో వచ్చింది. ఒక తెల్లవారుజాము నుంచి మర్నాటి తెల్లవారుజాము దాకా సాగుతుంది. అనేక రోజులు తీసినదాన్ని ఒక్క రోజుగా కూర్చారు. వ్యాఖ్యానం లేదు, సబ్‌టైటిల్స్ కూడా లేవు. అందులో తెడ్డు కిర్రుమనే చప్పుడు ఉంటుంది, చెక్కా తాడూ రాసుకుంటూ. ఆ ఒక్క శబ్దం కోసం ఆ సినిమా చూడొచ్చు. కానీ అందులో మనుషులు మాట్లాడుకుంటారు. హిందీ తెలిసినవాళ్ళకు ఆ మాటలు ఎంతో కొంత అందుతాయి. ఎవరు వేళాకోళం చేస్తున్నారో, ఎవరు కసురుకుంటున్నారో తెలుస్తుంది. ఆ దర్శకుడు ఊహించుకున్న ప్రేక్షకుడికి మాత్రం అదంతా తెడ్డు కిర్రులో కలిసిపోయిన ఇంకో చప్పుడు. బొమ్మలను బొమ్మలుగా చూడాలనే ఉద్దేశంతో అలా చేశారని సమర్థించేవాళ్ళున్నారు, మనుషుల మాటలను మింగేశారని తప్పుబట్టిన మానవశాస్త్రవేత్తలూ ఉన్నారు. నా ఓటు రెండోవాళ్ళకే. వినడం గురించి ఇంతసేపు చెప్పి, మాటను చప్పుడుగా వినడాన్ని ఒప్పుకోలేను. మనిషి మాట్లాడితే ఏమన్నాడో వినాలి, తర్వాతే ఆ గొంతు ఎలా ఉందో.

ఇప్పుడు పిల్లి దూకే చోటు. రెండు గంటలు సాగిన ఒక మీటింగును ఆరు నిమిషాలు చేసి, అది అలాగే జరిగిందని మీరు నమ్మేలా చెయ్యడమే ఎడిటింగ్. అడిగిన ప్రశ్న పదకొండింటిది, వచ్చిన జవాబు పన్నెండింటిది అయ్యుండొచ్చు. మధ్యలో గడియారం వైపు చూసే ఒక మొహం పెడితే అతుకు కనబడదు. వైజ్‌మన్ కొన్ని వారాలు తీసి, తర్వాత ఎన్నో నెలలు సొంతంగా ఎడిట్ చేసుకునేవాడు. ఆయన పూర్వాశ్రమంలో న్యాయశాస్త్రం చెప్పిన పంతులు. ఏ సాక్ష్యం ఏ వరసలో పెడితే తీర్పు ఎటు తిరుగుతుందో ఆయనకు ఒకరు చెప్పాలా? న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీ మీద 2017లో వచ్చిన ఆయన సినిమా 197 నిమిషాలు. అందులో ఫోన్ దగ్గర కూర్చున్న ఒక ఉద్యోగి, యునికార్న్ అనేది కల్పిత జంతువని అవతలివాళ్ళకు ఓపిగ్గా చెబుతుంటాడు. ఇంకోచోట నిర్వాహకులు డబ్బు ఎక్కడి నుంచి వస్తుందా అని తలలు పట్టుకుంటారు. ఎవరూ మనకేమీ వివరించరు. కానీ ఒకదాని పక్కన ఒకటి పెట్టినప్పుడే గ్రంథాలయం గురించి ఆయన పక్షం తెలిసిపోతుంది. మాట్లాడలేదు, అంతమాత్రాన ఏమీ అననట్టు కాదు.

మరి అంతా కూర్చేదే అయితే వాయిస్ ఓవర్‌కు అభ్యంతరం ఏమిటి? నాకు కనబడే తేడా ఇది. వ్యాఖ్యానం ఉన్న సినిమాలో నేను ఒప్పుకోకపోతే నా దగ్గర వాదించడానికి ఏమీ ఉండదు, ఎందుకంటే బొమ్మలన్నీ ఆ మాటలకు సాక్ష్యం చెప్పడానికే వచ్చి కూర్చున్నాయి. వ్యాఖ్యానం లేని సినిమాలో దర్శకుడి పక్షం ఉన్నా, దానికి అడ్డుపడే సామగ్రి కూడా తెర మీదే ఉంటుంది. కుర్చీ ఊపుతున్న కుర్రాణ్ణి మీరు చదువు మీద ధ్యాస లేనివాడు అనొచ్చు, నేను టెన్షన్‌లో ఉన్నాడు అంటాను. ఇద్దరి దగ్గరా అదే షాట్ ఉంది. “నిరుద్యోగంతో సతమతమవుతున్న యువత” అని ఒక బరువైన గొంతు చెప్పేస్తే మనిద్దరికీ ఇంక పని లేదు. ఆ కుర్రాడికి ఉద్యోగం ఉందో లేదో నేను అడగనేలేదు.

అడగకపోవడం గురించి కూడా ఒక మాట. చూసేవాడు అడగడు సరే, కానీ తీయనిమ్మని అడగాలి కదా. వైజ్‌మన్ మొదటి సినిమా 1967 నాటిది, మసాచుసెట్స్‌లోని బ్రిడ్జ్‌వాటర్‌లో మానసిక స్థితి సరిగాలేని నేరస్థులను ఉంచే ప్రభుత్వ సంస్థ మీద. అక్కడ ఖైదీలను ఎంత హీనంగా చూస్తున్నారో అందులో కనబడుతుంది. ఖైదీల గోప్యతకు భంగమని ప్రభుత్వం కోర్టుకెక్కి దాన్ని మామూలు ప్రేక్షకులు చూడకుండా ఆపించింది. 1991లో గానీ ఆ ఆంక్ష పోలేదు. ప్రభుత్వానికి తన పరువు మీదున్న బెంగ ఖైదీల గోప్యత వేషం వేసుకుందని నేననుకుంటాను. అయినా ఒంటి మీద బట్టల్లేకుండా ఒక గదిలో తిరుగుతున్న మనిషి “సరే, తియ్యండి” అని నిజంగా అనగలడా అన్న ప్రశ్న మిగిలే ఉంటుంది. ఫ్రాన్స్‌లో ఒకే గది ఉన్న పల్లె బడి మీద నికొలా ఫిలిబేర్ తీసిన ముచ్చటైన సినిమా 2002లో వచ్చి బాగా ఆడింది. తర్వాత అందులోని పంతులుగారే తనకూ వాటా రావాలని కోర్టుకు వెళ్ళారు. ఓడిపోయారు. బతుకుని బతకడం నటన కిందికి రాదు కాబట్టి డబ్బు అక్కర్లేదనేది ఒక వాదన. ఆ బతుకు లేకపోతే సినిమానే లేదనేది ఇంకో వాదన. దీనికి నా దగ్గర జవాబు లేదు. ఆ బల్ల కొస పట్టుకోవడం తప్ప ఆ గదికి నేను తిరిగి ఇచ్చిందేమిటో నాకే తెలియదు.

గుజరాత్‌లోని ఒక బట్టల మిల్లు మీద రాహుల్ జైన్ తీసిన సినిమాలో కార్మికులు చుట్టూ మూగి దర్శకుణ్ణే నిలదీసే చోటు ఒకటుంది. అప్పటిదాకా ఎంతో అందంగా ఉన్న ఆ పొగ, ఆ రంగులు, ఆ యంత్రాల చప్పుడు ఒక్కసారిగా చేదవుతాయి. ఆ ముక్కను కత్తిరించకుండా ఉంచినందుకు ఆయన మీద నాకు గౌరవం. పిల్లి గోడ మీదుందని కింద వాళ్ళకు ఎప్పుడూ తెలుసు.

నా గదిలో ఇలా ఎవరూ నిలదీయలేదు. అంతకన్నా మర్యాదగా జరిగింది. మూడో వారం మధ్యలో ఒక ఉదయం వెళ్ళేసరికి అటెండరు నా కోసమే చూస్తున్నట్టున్నారు. “సార్, కిటికీ కింద కుర్చీ బాగు చేయించాను. మీరు చెవులకు అది పెట్టుకుని రోజూ ఆ కుర్చీ దగ్గరే కూర్చుంటున్నారు కదా, ఆ చప్పుడు మీ రికార్డింగుకి అడ్డొస్తుందని అనిపించింది. ఇంక రాదు” అన్నారు. ఎంత సంతోషంగా చెప్పారంటే, థాంక్స్ అనడం తప్ప ఏం చెయ్యగలను?

కొన్నేళ్ళుగా అలాగే ఉన్న కుర్చీ అది. ఎంతమంది ఊగినా ఎవరికీ పట్టలేదు.

పదిన్నరకు పెద్దాయన వచ్చారు. జేబులోంచి రసీదు తీశారు. మడిచారు, మళ్ళీ మడిచారు, మూడో మడత గోటితో గీశారు. వంగారు. కాలి కింద సందు లేదు. అరచేత్తో కుర్చీని నొక్కారు, కదల్లేదు. ఇంకోవైపు నొక్కారు. లేచి నిలబడి ఆ మడతపెట్టిన కాగితాన్ని కాసేపు చేతిలోనే ఉంచుకుని చుట్టూ చూశారు, నా వైపు కూడా. తర్వాత దాన్ని చొక్కా జేబులో వేసుకుని కూర్చుని పేపరు తెరిచారు.

ఇదంతా కెమెరాలో ఉంది, ఫోకస్‌లోనే ఉంది. సినిమాలో ఎక్కడ పెట్టాలో మాత్రం తేలలేదు. ఇంకో చిక్కు కూడా ఉంది. ఎడిటింగ్‌లో అతుకులు కనబడకుండా పరవడానికని రెండో వారంలోనే ఆ గది ఖాళీ శబ్దం రెండు నిమిషాలు రికార్డు చేసి పెట్టుకున్నాను. అది విన్న ప్రతిసారీ అందులో దూరంగా ఎవరో ఆ కుర్చీలో కూర్చుని ఉన్నారు, టక్... టక్... అని. దాన్ని చివరి వారం షాట్ల కింద వెయ్యడానికి లేదు.